బురద, జ్వరం, వారానికో మాత్ర: గోదావరి డెల్టాలో ఇమ్యూనిటీని తగ్గించే మందుల సంగతి

క్లుప్తంగా: కీళ్లవాతం, లూపస్, సోరియాసిస్, కిడ్నీ మార్పిడి వంటి కారణాలతో కొందరు రోగనిరోధక శక్తిని అణిచే మందులు ఏళ్ల తరబడి వాడాల్సి వస్తుంది. వీటివల్ల వచ్చే ముప్పు మందును బట్టి, మోతాదును బట్టి, మనిషి బతికే చోటును బట్టి మారుతుంది. వరి చేలు, చెరువులు, వరదలు, ఆర్‌ఎంపీ సూదులు ఉన్న ప్రాంతంలో ఏ జాగ్రత్త ముందు, ఏది వెనుక అన్నది కూడా మారుతుంది. మందు మొదలుపెట్టే ముందు చేయించాల్సిన పరీక్షలు, జ్వరం వచ్చిన మొదటి రోజున ఏం చేయాలి, ఏ మందుకు ఏ మందు పడదు అన్నవి ఈ వ్యాసంలో ప్రధానాంశాలు. మోతాదు మార్పులు, మందు ఆపడం మాత్రం వైద్యుల నిర్ణయమే.

అమలాపురం దగ్గరి ఊళ్లో ఉండే మనిషికి కీళ్లవాతం మందు రాసే స్పెషలిస్టు కాకినాడలోనో విశాఖలోనో హైదరాబాద్‌లోనో ఉంటారు. ఆయన్ను కలిసేది రెండు మూడు నెలలకోసారి. మిగతా రోజుల్లో జ్వరమొచ్చినా, విరేచనాలైనా, కాలికి మేకు గుచ్చుకున్నా చూసేది ఊళ్లో ఆర్‌ఎంపీ, మందుల షాపు, మహా అయితే మండల కేంద్రంలోని డాక్టరు. స్పెషలిస్టు రాసిన మందు గురించి వీరికి తెలియదు. వీరు వేసిన సూది గురించి స్పెషలిస్టుకు తెలియదు. ఇమ్యూనిటీని తగ్గించే మందులతో జరిగే అనర్థాల్లో చాలా భాగం మందు స్వభావం వల్ల కంటే ఈ ఖాళీ వల్లే జరుగుతుంది.

దీనికి తోడు రెండు రకాల అపోహలున్నాయి. ఈ మందులు ఒంట్లో శక్తినంతా తీసేస్తాయని విని మధ్యలో మానేసేవారు కొందరు. నొప్పి తగ్గింది కదా అని, రక్తపరీక్షల ఊసే లేకుండా పాత చీటీతోనే ఏళ్ల తరబడి కొనుక్కునేవారు మరికొందరు. మొదటివారికి జబ్బు తిరగబెడుతుంది. కిడ్నీ మార్పిడి చేయించుకున్న వారైతే పెట్టిన కిడ్నీయే పోవచ్చు. రెండోవారికి జరిగే నష్టం నెమ్మదిగా, కనపడకుండా జరుగుతుంది.

బ్యారేజీ గేట్లు, పొలం తూము

రోగనిరోధక వ్యవస్థ బయటి క్రిముల మీద దాడి చేయాలి. కీళ్లవాతంలో అది సొంత కీళ్ల మీద పడుతుంది. లూపస్‌లో చర్మం, కిడ్నీ, రక్తకణాల మీద పడుతుంది. కిడ్నీ మార్పిడిలో దాని తప్పేమీ లేదు. పరాయి అవయవాన్ని పరాయిదిగా గుర్తించి తన పని తాను చేస్తుంది. మూడు సందర్భాల్లోనూ దాన్ని కొంత అణచాలి. ఎక్కడ అణుస్తారు, ఎంత అణుస్తారు అన్నదే తేడా.

ప్రెడ్నిసొలోన్, డెక్సామెథసోన్ వంటి స్టెరాయిడ్లు ధవళేశ్వరం గేట్లు దించేసినట్టు పనిచేస్తాయి. ఒక్క కాలువ కాదు, అన్ని కాలువలకూ నీరు తగ్గుతుంది. అందుకే గంటల్లో, రోజుల్లో ఫలితం కనిపిస్తుంది, అందుకే చెడు కూడా అన్ని వైపుల నుంచీ వస్తుంది. మెథోట్రెక్సేట్, అజాథియోప్రిన్, మైకోఫెనోలేట్ వేగంగా పెరిగే కణాల పెరుగుదలను తగ్గిస్తాయి. టాక్రోలిమస్, సైక్లోస్పోరిన్ ప్రధానంగా టీ కణాలకు (రోగనిరోధక వ్యవస్థలోని ఒక రకం తెల్లకణాలు) అందే సంకేతాన్ని ఆపుతాయి. అడాలిముమాబ్, ఇన్‌ఫ్లిక్సిమాబ్ వంటి బయోలాజిక్ సూదులు ఒకే పొలం తూము మూసినట్టు టీఎన్‌ఎఫ్ అనే ఒక్క పదార్థాన్ని పట్టి ఉంచుతాయి. రిటుక్సిమాబ్ బీ కణాలు అనే మరో రకం తెల్లకణాలను తొలగిస్తుంది.

ఒక్క తూమే కదా, నష్టం కూడా చిన్నదే అనుకోవడానికి లేదు. ఆ తూము కింద ఏ పొలం ఉందో చూడాలి. శరీరం క్షయ క్రిమిని చంపలేని చోట దాని చుట్టూ గోడ కట్టి బంధిస్తుంది. ఆ గోడ నిలవడానికి టీఎన్‌ఎఫ్ కావాలి. దాన్ని ఆపితే గోడ కూలుతుంది. రిటుక్సిమాబ్ వల్ల ఇలాంటి చిక్కు ఎక్కువగా హెపటైటిస్ బి వైరస్‌తో వస్తుంది. టోఫాసిటినిబ్ వంటి మాత్రలతో సర్పి వచ్చే అవకాశం పెరుగుతుంది. ఇమ్యూనిటీ తగ్గుతుంది అని ఒక్క మాటలో చెప్పేస్తే ఈ తేడాలేవీ కనపడవు. కీళ్లవాతంలో విరివిగా రాసే హైడ్రాక్సీక్లోరోక్విన్, సల్ఫాసలజీన్‌లను చాలామంది ఇదే గాటన కడతారు. వాటితో ఇన్‌ఫెక్షన్ల ముప్పు చాలా తక్కువ.

మోతాదు కూడా ముఖ్యమే. రోజుకు 5 మిల్లీగ్రాముల ప్రెడ్నిసొలోన్, రోజుకు 40 మిల్లీగ్రాములు ఒకటి కావు. 20 మిల్లీగ్రాములు, ఆ పైన నాలుగు వారాలు దాటి వాడుతూ, తోడుగా మరో మందు కూడా ఉంటే, న్యుమోసిస్టిస్ అనే న్యుమోనియా రాకుండా ముందుగానే మందు ఇవ్వాలా అని వైద్యులు ఆలోచిస్తారు. మధుమేహం, వయసు, కిడ్నీ జబ్బు ఉంటే అదే మోతాదు మరింత భారమవుతుంది. 2021లో కొవిడ్ రెండో వేవ్ తర్వాత వచ్చిన బ్లాక్ ఫంగస్‌ను గుర్తు చేసుకుంటే ఇది అర్థమవుతుంది. అప్పట్లో ఎక్కువగా దెబ్బతిన్నది షుగర్ అదుపులో లేకుండా స్టెరాయిడ్లు వాడినవారే.

భీమవరం నుంచి వచ్చిన మందు

ఈ మందుల్లో ఎక్కువ మందికి తెలిసింది మెథోట్రెక్సేట్. దీనికి డెల్టాతో ఒక చుట్టరికం ఉంది. భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు అమెరికాలోని లెడర్లీ ప్రయోగశాలలో పరిశోధనలకు నాయకత్వం వహించిన కాలంలోనే ఫోలిక్ యాసిడ్ తయారీ, ఆ వెంటనే ఫోలిక్ యాసిడ్‌కు అడ్డుపడే మందుల తయారీ జరిగాయి. 1948లో సిడ్నీ ఫార్బర్ అనే వైద్యుడు రక్తక్యాన్సర్ పిల్లల్లో మంచి ఫలితం చూసిన అమినోప్టెరిన్ అక్కడిదే. దాని తోబుట్టువే మెథోట్రెక్సేట్. నేటికీ కీళ్లవాతం రోగికి మెథోట్రెక్సేట్ రాసిన చీటీలోనే ఫోలిక్ యాసిడ్ మాత్ర కూడా ఉంటుంది. అడ్డుకునే మందు, ఆ అడ్డు వల్ల కలిగే బాధను తగ్గించే విటమిన్ ఒకే ప్రయోగశాల గడప దాటి వచ్చాయన్నమాట.

కీళ్లవాతానికి దీన్ని వాడేది వారానికి ఒక్కరోజే. సాధారణంగా 7.5 నుంచి 25 మిల్లీగ్రాముల వరకు. ప్రమాదం కూడా ఇక్కడే ఉంది. బీపీ మాత్రలాగా రోజూ వేసుకుంటే పది పదిహేను రోజుల్లోనే ఎముక మజ్జ దెబ్బతిని, నోరంతా పుండ్లు పడి, తెల్లకణాలు పడిపోయి ప్రాణం మీదికి వస్తుంది. ఇలాంటి మరణాలు ప్రపంచమంతటా నమోదయ్యాయి. తప్పు జరిగే తీరు ఎక్కడైనా ఒకటే. చీటీ ఇంగ్లీషులో ఉంటుంది. మిగతా మాత్రలన్నీ రోజూ వేసుకునేవే. ఇంట్లో చదువుకున్నవారు ఒకరు ఓసారి చెబుతారు, తర్వాత ఎవరికీ గుర్తుండదు. ఆసుపత్రిలో చేర్చినప్పుడు కూడా పాత మందుల జాబితాను చూసి రాసేటప్పుడు ‘వారానికి’ అన్న మాట జారిపోతుంది.

దీనికి విరుగుడు పెద్ద సాంకేతికమేమీ కాదు. వారంలో ఒక రోజు ఖాయం చేసుకుని, ఉదాహరణకు ‘శనివారం మాత్రమే’ అని మందు షీటు మీద తెలుగులో రాయించుకోవాలి. ఒకే బలం ఉన్న మాత్రలే కొనాలి. ఓసారి 2.5 మిల్లీగ్రాములవి, మరోసారి 10 మిల్లీగ్రాములవి తెచ్చుకుంటే లెక్క తప్పుతుంది. నోట్లో పుండ్లు, పొడిదగ్గుతో ఆయాసం, ఒంటి మీద కమిలిన మచ్చలు కనిపిస్తే తర్వాతి మాత్ర వేసుకోకుండా డాక్టరుకు చూపించుకోవాలి. వాంతులు, విరేచనాలతో ఒళ్లు ఎండిపోయినప్పుడు ఈ మందు కిడ్నీల ద్వారా బయటికి పోక ఒంట్లో పేరుకుంటుంది. అలాంటి వారంలో మాత్ర వేసుకోవచ్చా అని అడిగి తెలుసుకోవాలి. రక్తకణాలు, కాలేయం, కిడ్నీ పనితీరు చెప్పే క్రియాటినిన్ పరీక్షలు మొదటి మూడు నెలలు రెండు నుంచి నాలుగు వారాలకోసారి, తర్వాత రెండు మూడు నెలలకోసారి చేయించడం మామూలు పద్ధతి. మద్యం కాలేయం మీద అదనపు బరువు.

గర్భం విషయంలో ఈ మందు కఠినమైనది. పిండానికి హాని చేస్తుంది కాబట్టి గర్భం కోరుకునే స్త్రీలు ముందుగానే దీన్ని ఆపించుకోవాలి. మైకోఫెనోలేట్, లెఫ్లునమైడ్‌లకూ ఇదే వర్తిస్తుంది. అజాథియోప్రిన్, టాక్రోలిమస్‌లను మాత్రం వైద్యుల పర్యవేక్షణలో గర్భంలోనూ కొనసాగిస్తారు. ‘కడుపుతో ఉంటే మందులన్నీ ఆపాలి’ అని ఇంట్లో పెద్దవాళ్లు చెప్పే మాటతో లూపస్ ఉన్న అమ్మాయి అన్నీ ఆపేస్తే, మందు చేసే హాని కంటే జబ్బు తిరగబెట్టడం వల్ల కలిగే హానే ఎక్కువ కావచ్చు.

మందుకు ముందే ఒంట్లో ఉన్నవి

బయటి నుంచి వచ్చే క్రిముల గురించే అందరికీ టెన్షన్. ఒంట్లో ఎప్పటి నుంచో నిద్రపోతున్న క్రిముల సంగతి పెద్దగా తలచుకోరు. ప్రపంచంలోని క్షయ కేసుల్లో దాదాపు నాలుగో వంతు మన దేశంలోనే ఉన్నాయి. జబ్బు బయటపడకుండా క్రిమి మాత్రమే ఒంట్లో ఉన్నవారు అంతకు ఎన్నో రెట్లు. టీఎన్‌ఎఫ్ సూది మొదలుపెట్టే ముందు ఛాతీ ఎక్స్‌రే, మాంటూ చర్మ పరీక్ష లేదా ఐజీఆర్‌ఏ రక్తపరీక్ష అడిగేది అందుకే. ఇంట్లో ఎవరికైనా టీబీ వచ్చి ఉంటే, అది ఇరవై ఏళ్ల కిందటి మాటైనా, చెప్పాలి. పరువు కోసం దాచే జబ్బు ఇది. దాచితే నష్టం రోగికే. ఈ మందులు మొదలుపెట్టబోయేవారికి టీబీ నివారణ చికిత్స ఇవ్వాలని జాతీయ కార్యక్రమం కూడా చెబుతోంది. ఈ మందుల మీద ఉన్నవారికి వచ్చే టీబీ ఊపిరితిత్తులకే పరిమితం కాదు. పొట్టలో, వెన్నులో, లింఫు గ్రంథుల్లో రావచ్చు. దగ్గు లేదు కాబట్టి టీబీ కాదని కొట్టిపారేయడానికి లేదు.

హెపటైటిస్ బి కూడా ఇలాంటిదే. వైరస్ కాలేయంలో ఏ లక్షణమూ లేకుండా ఉంటుంది. రిటుక్సిమాబ్ ఇచ్చినా, ఎక్కువ మోతాదు స్టెరాయిడ్ ఇచ్చినా ఒక్కసారిగా విజృంభించి కాలేయం విఫలమయ్యే ప్రమాదం ఉంది. రెండు రక్తపరీక్షలతో దీన్ని ముందే పట్టుకోవచ్చు, మాత్రలతో ఆపవచ్చు. ఖర్చుకూ ప్రయోజనానికీ ఉన్న నిష్పత్తి చూస్తే ఇంత లాభసాటి పరీక్ష మరొకటి లేదనిపిస్తుంది.

మూడోది స్ట్రాంజిలాయిడిస్ అనే చిన్న పురుగు. దీని గురించి చాలా చీటీల్లో ప్రస్తావనే ఉండదు. డెల్టాలో మాత్రం ఉండాలి. తడి మట్టిలో ఉండే దీని పిల్లపురుగులు చెప్పుల్లేని పాదాల చర్మం గుండా లోపలికి వెళ్తాయి. మిగతా నులిపురుగులకు లేని గుణం దీనికొకటుంది. మనిషి ఒంట్లోనే తిరిగి తిరిగి పునరుత్పత్తి చేసుకుంటూ దశాబ్దాల పాటు ఉండిపోగలదు. ఎప్పుడో ఇరవై ఏళ్ల వయసులో ఊడ్పులకు వెళ్లి, తర్వాత పట్నంలో స్థిరపడిన మనిషిలోనూ ఉండొచ్చు. స్టెరాయిడ్ మొదలుపెట్టాక దీని సంఖ్య అదుపు తప్పి, పేగు నుంచి ఊపిరితిత్తులకు, ఇతర అవయవాలకు పాకుతుంది. పోతూ పోతూ పేగులోని బ్యాక్టీరియాను రక్తంలోకి మోసుకుపోతుంది. అప్పుడు బతకడం కష్టమవుతుంది. స్కూళ్లలో పంచే ఆల్బెండజోల్ ఒక్క మాత్ర దీని మీద పెద్దగా పనిచేయదు. ఐవర్మెక్టిన్ బాగా పనిచేస్తుంది. మల పరీక్షలో ఒక్కోసారి దొరకదు, ఇసినోఫిల్ కణాలు ఎక్కువగా ఉండటం ఒక ఆనవాలే గానీ స్టెరాయిడ్ వాడుతున్నవారిలో అదీ కనపడకపోవచ్చు. అందుకే ఎక్కువ మోతాదు స్టెరాయిడ్ మొదలుపెట్టకముందే, పొలం పనులు చేశానన్న సంగతి డాక్టరుకు చెప్పడం అవసరం.

సార్వా నాటి మట్టి

2025లో గుంటూరు జిల్లా తురకపాలెంలో వరుస మరణాల వార్తలతో మెలియాయిడోసిస్ అనే పేరు రాష్ట్రంలో చాలామంది తొలిసారి విన్నారు. జబ్బు మాత్రం కొత్తది కాదు. 1911–12 ప్రాంతంలో రంగూన్‌లో విట్‌మోర్, కృష్ణస్వామి అనే వైద్యులు దీన్ని తొలిసారి వర్ణించారు. దీనికి కారణమైన బ్యాక్టీరియా వేడి, తేమ ఉన్న దేశాల మట్టిలో, నిలిచిన నీటిలో, ముఖ్యంగా వరి మళ్లలో బతుకుతుంది. వానల తర్వాత పైకి వస్తుంది. చర్మం గీరుకుపోయిన చోట నుంచి, గాలివానలో పీల్చిన తుంపర్ల నుంచి, ఒక్కోసారి తాగే నీటి నుంచి లోపలికి వెళ్తుంది.

ఆరోగ్యంగా ఉన్నవారిలో చాలామందికి ఇది ఏమీ చేయదు. మధుమేహం దీనికి అతి పెద్ద దారి. కిడ్నీ జబ్బు, మద్యం, స్టెరాయిడ్లు తర్వాతి దారులు. లక్షణాలు టీబీని పోలి ఉంటాయి: వదలని జ్వరం, బరువు తగ్గడం, ఊపిరితిత్తుల్లో మచ్చలు, కాలేయంలోనో ప్లీహంలోనో చీము గడ్డలు. టీబీ మందులు వాడుతూనే ఉంటారు, జ్వరం తగ్గదు. మామూలుగా వేసే యాంటీబయాటిక్ సూదులు చాలావరకు దీని మీద పనిచేయవు. సెఫ్టాజిడైమ్ లేదా మెరోపెనెమ్ సూదులు కనీసం పది పద్నాలుగు రోజులు, ఆ తర్వాత మూడు నెలల పాటు మాత్రలు కావాలి. పట్టుకునే మార్గం రక్తం, చీము కల్చర్ పరీక్ష. ల్యాబులో దీన్ని సూడోమోనాస్ అనే మామూలు బ్యాక్టీరియాగా పొరబడే అవకాశమూ ఉంది.

సార్వా, దాళ్వా రెండు పంటలకూ మడిలో దిగే ప్రాంతంలో ‘మట్టి ముట్టుకోవద్దు’ అని చెప్పడం సులువే, పాటించడమే కుదరదు. కుదిరేది వేరే ఉంది. బయోలాజిక్ సూది మీదో, ఎక్కువ మోతాదు స్టెరాయిడ్ మీదో ఉన్న మొదటి నెలల్లో బురద పని వేరొకరికి అప్పగించడం, దిగక తప్పకపోతే మోకాళ్ల దాకా వచ్చే రబ్బరు బూట్లు వేసుకోవడం, కాలి వేళ్ల సందులు పాచిపోయి ఉంటే, గాయం పచ్చిగా ఉంటే ఆ రోజుకు దిగకపోవడం, పని అయ్యాక సబ్బుతో కడుక్కోవడం. ఎలుక జ్వరానికీ ఇవే జాగ్రత్తలు పనికొస్తాయి. రొయ్యలు, చేపల చెరువుల దగ్గర పనిచేసేవారికి చేతి వేళ్ల మీద వారాల తరబడి మానని బొబ్బలు, గడ్డలు వస్తే మామూలు చీము మందుతో సరిపెట్టుకోకూడదు. చేపలు పట్టేవారిలో కనిపించే, టీబీ క్రిమికి దూరపు చుట్టమైన మైకోబ్యాక్టీరియం మెరీనమ్ అలాగే మొదలవుతుంది.

ఊళ్లో సూది, పేరులేని పొట్లం

తాము ఇమ్యూనిటీని తగ్గించే మందు వాడుతున్నామని తెలియకుండానే వాడేవారూ ఉన్నారు. నడుం నొప్పికి, ఆయాసానికి, కీళ్ల నొప్పులకు ‘రెండు సూదులు’ అని వేసేవాటిలో ఒకటి తరచూ డెక్సామెథసోన్. నాటు మందు పేరుతో ఇచ్చే పేరులేని పొట్లాల్లో స్టెరాయిడ్ కలిసి ఉన్న సందర్భాలు వైద్యులకు కొత్త కాదు. ఒక్క రోజులో నొప్పి మాయం కావడం, ఆకలి విపరీతంగా పెరగడం, నెలల్లో ముఖం గుండ్రంగా ఉబ్బడం, పొట్ట మీద ఊదారంగు చారలు, షుగర్ కొత్తగా రావడం కనిపిస్తే ఆ మందులో ఏముందో అనుమానించాల్సిందే. తుంటి ఎముక రక్తప్రసరణ లేక దెబ్బతినడం కూడా ఈ మందుల ఫలితాల్లో ఒకటి.

అసలు చిక్కు ఆపేటప్పుడు వస్తుంది. స్టెరాయిడ్‌ను మూడు నాలుగు వారాలకు మించి వాడితే అడ్రినల్ గ్రంథి తన సొంత కార్టిసాల్ (ఒంట్లో సహజంగా తయారయ్యే స్టెరాయిడ్) తయారీని తగ్గించేస్తుంది. బయటి నుంచి వచ్చేది ఒక్కసారిగా ఆగిపోతే, లోపలిది వెంటనే అందుకోలేదు. నీరసం, వాంతులు, బీపీ పడిపోవడం, షుగర్ తగ్గిపోవడం, చివరికి స్పృహ తప్పడం. ‘స్టెరాయిడ్ చెడ్డది’ అని ఎవరో అన్నారని రాత్రికి రాత్రి మానేసినవారికి జరిగేది ఇదే. మాత్రను వారాల పాటు కొద్దికొద్దిగా తగ్గిస్తూ రావాలి. జ్వరం, ఆపరేషన్, పెద్ద దెబ్బ తగిలిన రోజుల్లో మోతాదు తగ్గించడం కాదు, తాత్కాలికంగా పెంచాల్సి వస్తుంది. మాత్ర కడుపులో నిలవనంతగా వాంతులవుతుంటే హైడ్రోకార్టిసోన్ సూది కావాలి. ఈ సంగతి అత్యవసర విభాగంలో చూసే డాక్టరుకు ముందుగా తెలియడం ఎంతో మేలు.

మందుకు మందు పడనప్పుడు

టాక్రోలిమస్ మోతాదు సన్నటి గట్టు మీద నడక లాంటిది. తక్కువైతే శరీరం మార్పిడి చేసిన కిడ్నీని తిరస్కరిస్తుంది, ఎక్కువైతే అదే మందు కిడ్నీని దెబ్బతీస్తుంది. గొంతునొప్పికి ఇచ్చే క్లారిత్రోమైసిన్, తామరకు వాడే ఇట్రాకొనజోల్, ఫ్లూకొనజోల్ దీని స్థాయిని రక్తంలో పెంచుతాయి. టీబీకి ఇచ్చే రిఫాంపిసిన్, మూర్ఛకు ఇచ్చే ఫెనిటాయిన్ బాగా తగ్గిస్తాయి. విరేచనాలప్పుడు స్థాయి పెరుగుతుంది. పెరటి చెట్టు పంపరపనస కూడా గ్రేప్‌ఫ్రూట్ జాతిదే, అదీ పెంచుతుంది. ఆ పండు గురించి ఆసుపత్రి ఆహార పట్టికల్లో ఉండకపోవచ్చు గానీ కిడ్నీ మార్పిడి అయిన కోనసీమ ఇంట్లో ముందు అడగాల్సిన ప్రశ్న అదే. స్థాయి పరీక్షకు రక్తం ఇచ్చే రోజు ఉదయం మాత్ర వేసుకోకుండా వెళ్లి, రక్తం ఇచ్చాక వేసుకోవాలి. ముందే వేసుకుంటే వచ్చే అంకె పనికిరాదు.

కొబ్బరి బొండం సంగతి వేరు. అది మందు స్థాయిని మార్చదు. కానీ ఒక గ్లాసు కొబ్బరి నీళ్లలో ఐదారు వందల మిల్లీగ్రాముల పొటాషియం ఉంటుంది. టాక్రోలిమస్ ఒంట్లో పొటాషియాన్ని పెంచే మందు. తోడుగా సెప్ట్రాన్ అనే యాంటీబయాటిక్ మాత్ర కూడా ఉంటే ఇంకా పెరుగుతుంది. నీరసంగా ఉన్న మనిషికి ప్రేమగా రోజుకు రెండు బొండాలు పట్టించే ఊళ్లో ఈ లెక్క చెప్పకపోతే గుండె లయ తప్పే దాకా రావచ్చు. కిడ్నీ బాగా పనిచేస్తూ కీళ్లవాతం మందులు మాత్రమే వాడేవారికి ఈ భయం అక్కర్లేదు.

అదే సెప్ట్రాన్ మెథోట్రెక్సేట్ వాడేవారికి మరో రకంగా ప్రమాదం. రెండూ ఫోలిక్ యాసిడ్‌నే అడ్డుకుంటాయి, కలిస్తే రక్తకణాలు కుప్పకూలవచ్చు. మూత్రంలో మంటకు షాపులో అడిగి తెచ్చుకునే మాత్రల్లో అదీ ఒకటి. యూరిక్ యాసిడ్‌కు వాడే అల్లోప్యూరినాల్, అజాథియోప్రిన్‌తో కలిస్తే ఫలితం దాదాపు అంతే. డైక్లోఫెనాక్, ఐబుప్రోఫెన్ వంటి నొప్పి బిళ్లలు టాక్రోలిమస్‌తో కలిసి కిడ్నీని దెబ్బతీస్తాయి. జ్వరానికి, ఒళ్లు నొప్పులకు పారాసిటమాల్ మేలు.

ఇమ్యూనిటీ పెంచుతుందని కొవిడ్ కాలంలో ఇంటింటా కాచిన తిప్పతీగ కషాయం విషయంలో తర్కం సూటిగానే ఉంది. ఒక చేత్తో అణిచేదాన్ని మరో చేత్తో లేపినట్టవుతుంది. 2021లో మన దేశంలోనే తిప్పతీగ వాడాక కాలేయం దెబ్బతిన్న కేసులను వైద్యులు ప్రచురించారు. ఆయుష్ మంత్రిత్వ శాఖ ఆ నిర్ధారణతో విభేదించింది. వాదం ఎటు తేలినా, ఈ మందులు వాడేవారు దాన్ని పక్కన పెట్టడమే మంచిది. వంటలో పసుపుకు, గుళికల రూపంలో అమ్మే పసుపు సారానికి తేడా ఉందన్నది కూడా గుర్తుంచుకోవాలి.

టీకాలు, కుక్కకాటు

బతికున్న క్రిములతో చేసిన టీకాలు, అంటే తట్టు, చికెన్‌పాక్స్, పోలియో చుక్కలు వంటివి ఈ మందుల మీద ఉన్నవారికి సాధారణంగా ఇవ్వరు. ఫ్లూ, న్యుమోకోకల్, హెపటైటిస్ బి సూదులు ఇవ్వవచ్చు, మందు మొదలుపెట్టకముందు వేయించుకుంటే ఇంకా బాగా పనిచేస్తాయి. తల్లి గర్భంతో ఉన్నప్పుడు టీఎన్‌ఎఫ్ సూది తీసుకుని ఉంటే, బిడ్డకు పుట్టగానే వేసే, బతికున్న క్రిమితో చేసిన బీసీజీ టీకా విషయంలో ముందుగానే డాక్టరుకు చెప్పాలి. మందు మాయ ద్వారా బిడ్డకు చేరి నెలల పాటు ఉంటుంది. అలాంటి బిడ్డకు బీసీజీ వేశాక ప్రాణం పోయిన ఘటన వైద్య సాహిత్యంలో నమోదై ఉంది. ప్రసవం జరిగే ఆసుపత్రి ఒకటి, సూది రాసిన ఆసుపత్రి మరొకటి కావడం మామూలు కాబట్టి ఈ మాట నర్సుకు చెప్పాల్సింది ఇంట్లోవాళ్లే.

కుక్క కరిచినప్పుడు కూడా నియమం మారుతుంది. రక్తం రాని చిన్న గీరుకు మామూలువారికి టీకా సరిపోతుంది. రోగనిరోధక శక్తి తగ్గినవారికి అలాంటి గాయానికి కూడా టీకాతో పాటు ఇమ్యునోగ్లోబులిన్ ఇవ్వాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచిస్తోంది.

గోదావరి పోటెత్తిన వారం

2022 జులైలో భద్రాచలం వద్ద గోదావరి 71.3 అడుగులకు చేరింది, ధవళేశ్వరం నుంచి 25 లక్షల క్యూసెక్కులకు పైగా నీరు దిగువకు వెళ్లింది. లంక గ్రామాలు రోజుల తరబడి నీళ్లలో ఉండిపోయాయి. అలాంటి వారంలో స్టెరాయిడ్ మాత్రలో టాక్రోలిమస్ మాత్రలో అయిపోతే పడవ మీద వచ్చే వైద్య శిబిరంలో దొరక్కపోవచ్చు. ఆ శిబిరాలు తెచ్చేది జ్వరం, విరేచనాలు, పాముకాటు మందులు. జులై నుంచి అక్టోబరు దాకా కనీసం రెండు మూడు వారాల మందు అదనంగా ఇంట్లో ఉంచుకోవడం, దాన్ని చీటీతో పాటు నీరు చొరని డబ్బాలో పెట్టడం లంకల్లో ఉండేవారికి తప్పనిసరి.

బయోలాజిక్ సూదులు ఫ్రిజ్‌లో 2 నుంచి 8 డిగ్రీల మధ్య ఉండాలి. అడాలిముమాబ్‌ను 25 డిగ్రీలకు మించకుండా రెండు వారాల దాకా బయట ఉంచవచ్చని తయారీదారులు చెబుతారు. కరెంటు పోయిన వరద రోజున డెల్టా ఇంట్లో 25 డిగ్రీలు ఎక్కడ దొరుకుతాయి? ఐస్‌తో థర్మాస్ డబ్బా కావాలి, సూది ఐస్‌కు నేరుగా తగిలి గడ్డకట్టకుండా మధ్యలో గుడ్డ ఉండాలి. గడ్డకట్టిన సూదిని కరిగించి వాడకూడదు. వరద నీరు తీసిన తర్వాత ఇల్లు కడిగే పని కూడా ఈ మందులు వాడేవారికి అప్పగించకూడదు. తాగే నీరు కాచి చల్లార్చినదే అయి ఉండాలి.

జ్వరం వచ్చిన పూట

100.4 ఫారెన్‌హీట్ దాటితే మామూలు మనిషి రెండు రోజులు చూడవచ్చు. ఈ మందులు వాడేవారు అలా చూడకూడదు. పైగా స్టెరాయిడ్ వాడేవారికి లోపల ఇన్‌ఫెక్షన్ ముదురుతున్నా జ్వరం తగలకపోవచ్చు, కడుపులో పేగుకు రంధ్రం పడినా నొప్పి తక్కువగా ఉండవచ్చు. ఒణుకు, ఆయాసం, తికమకగా మాట్లాడటం, మూత్రం తగ్గడం ఉంటే థర్మామీటరు అంకె ఎంతున్నా ఆసుపత్రికే వెళ్లాలి. స్టెరాయిడ్ తప్ప మిగతా ఇమ్యూనిటీ మందుల్లో ఏది తాత్కాలికంగా ఆపాలో ఫోన్లో స్పెషలిస్టును అడగవచ్చు. కిడ్నీ మార్పిడివారు మాత్రం అడగకుండా ఏదీ ఆపకూడదు.

ఊళ్లో మొదట చూసేవారి దగ్గరికే వెళ్లక తప్పకపోతే, చెప్పాల్సిన మాటలు రెండున్నాయి: వాడుతున్న మందు పేరు, జ్వరం తగ్గించడానికి స్టెరాయిడ్ సూది వెయ్యొద్దని. అలాంటి సూది వేస్తే ఆ పూటకు తగ్గినట్టే ఉంటుంది, మెలియాయిడోసిస్ అయినా టీబీ అయినా గుర్తించడం వారం ఆలస్యమవుతుంది. యాంటీబయాటిక్ మొదలుపెట్టే ముందు కల్చర్‌కు రక్తం తీయడం పెద్దాసుపత్రిలో నిమిషాల పని, ఒక్క డోసు పడ్డాక తీస్తే క్రిమి దొరకకపోవచ్చు. చీటీల ఫొటోలు ఫోన్లో ఉంటాయి గానీ, స్పృహ లేని మనిషి ఫోను తెరవడం పక్కవాళ్లకు చేతకాదు. అందుకే మందు పేరు, మోతాదు, వారంలో ఏ రోజు వేసుకోవాలి, రాసిన డాక్టరు నంబరు ఒక చిన్న కాగితం మీద తెలుగులో రాసి పర్సులో ఆధార్ కార్డు వెనక పెట్టుకోమని కొందరు వైద్యులు చెబుతారు. వరద నీటిలో తడవకుండా దానికి ప్లాస్టిక్ కవరు వేయించుకోవడం మేలు.